రైతు గోడును లండన్‌కు వినిపించిన తెలుగు వర్తకుడు
గాజుల లక్ష్మీనరసు శెట్టి జీవితం.. సంపదను ప్రజల పనికే ధారపోసిన త్యాగం

చిత్తూరు: తాసీల్దారు కచ్చేరి ముందు మండుటెండలో రైతును వంగదీసి నిలబెట్టేవారు. తలను కాలి బొటనవేళ్లకు చేర్చి తాటితో కట్టేవారు. వీపుపై బండరాయి పెట్టేవారు. ఆ రైతు చేసిన నేరమల్లా కొన్ని రూపాయల శిస్తు బకాయి పడటమే. కుంఫిణీ పాలనలో మన ప్రాంతం సహా మద్రాసు రాజధాని అంతటా ఇటువంటి దురాగతాలు సాగిన కాలమొకటి ఉంది. వీటిని వెలుగులోకి తెచ్చి, సముద్రాల ఆవల ఉన్న బ్రిటిష్ పార్లమెంటు చెవిన వేసిన వారిలో అగ్రగణ్యుడు ఒక తెలుగు వర్తకుడు. ఆయనే గాజుల లక్ష్మీనరసు శెట్టి. కాంగ్రెస్ పుట్టుకకు 33 ఏళ్ల ముందే దక్షిణాదిలో రాజకీయ సంఘాన్ని నెలకొల్పిన ఆయన పేరు నేటి తరంలో చాలామందికి తెలియదు.

నీలిమందు వ్యాపారి ఇంట పుట్టి..

లక్ష్మీనరసు శెట్టి 1806లో మద్రాసులో జన్మించారు. చిత్తూరుకు అనతి దూరంలోని వేలూరు కోటలో సిపాయిలు తిరగబడిన సంవత్సరమది. తండ్రి సిద్ధులు శెట్టి నగరంలో పేరుమోసిన వర్తకుడు. నీలిమందు, వస్త్రాల వ్యాపారంలో ఆ కుటుంబం సంపన్నమైంది.

ఆనాటి నీలిమందు వ్యాపారానికి, మన సీమకు విడదీయరాని బంధముంది. కడప, ఆర్కాటు ప్రాంతాల పొలాల్లో పండిన నీలి మొక్కలను తొట్లలో నానబెట్టి, చిలికి, బిళ్లలుగా చేసి బండ్లపై మద్రాసుకు తరలించేవారు. అక్కడి నుంచి ఓడలపై ఐరోపాకు ఎగుమతి అయ్యేది. పొలంలో రైతు, ఊళ్లో దళారి, నగరంలో వర్తకుడు, రేవులో ఓడ ఒకే గొలుసులోని కొక్కేలు. పల్లెలో పంట దెబ్బతిన్నా, శిస్తు బరువై రైతు కాడి వదిలేసినా ఆ సెగ నగరంలోని గిడ్డంగి దాకా తగిలేది. నగరంలో పుట్టి పెరిగిన శెట్టికి పల్లె కష్టం పరాయిది కాకపోవడానికి ఇదొక కారణమని భావించవచ్చు.

చదువు పూర్తికాగానే తండ్రి వ్యాపారంలో ప్రవేశించిన ఆయన దాన్ని మరింత వృద్ధి చేశారు. యువకుడిగా ఉన్నప్పుడే ప్రజా వ్యవహారాలపై ఆసక్తి పెంచుకున్నారు. మద్రాసులో అప్పుడప్పుడే ఇంగ్లిషు చదువుల గాలి వీస్తోంది. ఉన్నత విద్యాసంస్థ కావాలంటూ 1839లో నగర ప్రజలు సుమారు 70 వేల సంతకాలతో గవర్నరుకు విన్నపం సమర్పించారు. 1842లో పచ్చయప్ప ధర్మనిధి పాఠశాల వెలసింది. సంతకాలు సేకరించి సర్కారును అడగవచ్చునన్న కొత్త పద్ధతి ప్రజలకు అలవాటవుతున్న రోజులవి.

కుంఫిణీ ఏలుబడిలో మన సీమ

అప్పటికి చిత్తూరు జిల్లా లేదు. చిత్తూరు, చంద్రగిరి, తిరుపతి, పలమనేరు ప్రాంతాలు ఉత్తర ఆర్కాటు జిల్లాలో ఉండేవి. ఆ జిల్లాకు చిత్తూరే కేంద్రం. మదనపల్లె, వాయల్పాడు కడప జిల్లాలో ఉండేవి. వీటిని, పుంగనూరు, శ్రీకాళహస్తి, కార్వేటినగరం జమీందారీలను కలిపి 1911లో చిత్తూరు జిల్లాను ఏర్పాటు చేశారు.

1801 నుంచి ఈ సీమ కుంఫిణీ చేతిలోకి వెళ్లింది. తిరుమల శ్రీవారి ఆలయ పాలన సైతం అదే ఏడాది నుంచి కుంఫిణీ అధికారుల అజమాయిషీలో నడిచింది. హిందూ ఆలయాల నిర్వహణలో క్రైస్తవ ప్రభుత్వం పాలుపంచుకోరాదని మిషనరీల నుంచి ఒత్తిడి పెరగడంతో కుంఫిణీ 1843లో తప్పుకొంది. ఆలయ బాధ్యత హథీరాంజీ మఠం మహంతు సేవాదాస్‌కు దక్కింది. ప్రభుత్వానికీ మతానికీ నడుమ ఉండవలసిన దూరమెంత అన్న ప్రశ్న ఆనాడు రాజధాని అంతటా రగులుతోంది. లక్ష్మీనరసు శెట్టి ప్రజాజీవితం మొదలైంది ఈ ప్రశ్నతోనే.

'క్రెసెంట్' పత్రిక

నగరంలోని ఇంగ్లిషు పత్రికలన్నీ అప్పట్లో దొరల చేతుల్లోనే ఉండేవి. ప్రజల పక్షాన మాట్లాడే పత్రిక కావాలని సంకల్పించిన శెట్టి, 'నేటివ్ సర్క్యులేటర్' అనే పత్రికను కొనుగోలు చేశారు. దానికి 'క్రెసెంట్' అని కొత్త పేరు పెట్టి 1844 అక్టోబరు 2న తొలి సంచికను వెలువరించారు. సంపాదకుడిగా ఎడ్వర్డ్ హార్లీ అనే ఆంగ్లేయుడిని నియమించారు. యాజమాన్యం, పెట్టుబడి, విధానం మాత్రం శెట్టివే. మద్రాసులో భారతీయుల యాజమాన్యాన నడిచిన తొలినాటి ఇంగ్లిషు పత్రికల్లో దీనికి విశిష్ట స్థానముంది. 'ది హిందూ' పుట్టింది ఆ తర్వాత 34 ఏళ్లకు, 1878లో.

తెలుగువాడై ఉండి ఇంగ్లిషులో పత్రిక ఎందుకు పెట్టారన్న సందేహం కలగవచ్చు. పాలకులు చదివే భాష అదే. ఫిర్యాదు ఎవరికి చేరాలో వారి భాషలోనే రాయాలన్నది వర్తకుడి లెక్క. ఆ లెక్క తప్పలేదు. పత్రిక పుట్టినప్పటి నుంచే సర్కారు కన్నెర్ర చేసింది. పత్రిక వెలువడుతున్నట్లు ప్రభుత్వ గెజిట్‌లో ప్రకటన వేయడానికి కూడా అధికారులు నిరాకరించారు.

మతం, చట్టం, నిరసన

అప్పటి గవర్నరు మార్క్విస్ ఆఫ్ ట్వీడేల్ మిషనరీలకు అనుకూలుడిగా పేరుబడ్డారు. ప్రభుత్వ పాఠశాలల్లో బైబిలును పాఠ్యగ్రంథం చేయాలని 1846లో ఆయన ప్రతిపాదించారు. అందరూ కట్టే పన్నులతో నడిచే బడిలో ఒక మత గ్రంథాన్ని బోధించడం తగదని శెట్టి, ఆయన సహచరులు ఎలుగెత్తారు. అదే ఏడాది అక్టోబరులో నగరంలో భారీ బహిరంగ సభ జరిగింది. వేలాది సంతకాలతో లండన్‌లోని కుంఫిణీ డైరెక్టర్లకు విన్నపం వెళ్లింది. మరుసటి ఏడాది డైరెక్టర్లు బైబిలు బోధన ప్రతిపాదనను తోసిపుచ్చారు. ప్రజలు కూడి అడిగితే గవర్నరు మాట కూడా చెల్లకుండా పోగలదని మద్రాసు నగరం కళ్లారా చూసింది.

ఆయన చేపట్టిన పోరాటాలన్నీ నేటి కొలమానాలకు ఒదుగుతాయని చెప్పలేం. మతం మారినవారికి పూర్వీకుల ఆస్తిలో హక్కు పోకుండా కాపాడే చట్టాన్ని 1845 నుంచే ప్రభుత్వం తలపెట్టింది. అది 1850లో అమల్లోకి వచ్చింది. దాన్ని శెట్టి తీవ్రంగా వ్యతిరేకించారు. హిందూ కుటుంబ ధర్మశాస్త్రంలో సర్కారు చేయి పెట్టడమేనని, మతమార్పిడులకు ఊతమివ్వడమేనని ఆయన వాదన. మతం మారిన మనిషి తన వాటా కోల్పోవడం అన్యాయమని నేటి పాఠకుడికి తోస్తే అది సహజం. ఆ విషయంలో ఆయన తన కాలపు మనిషి, తన వర్గపు మనిషి. ఈ నిజాన్ని దాచిపెట్టి ఆయన జీవితం చెప్పుకోనవసరం లేదు.

మద్రాసు నేటివ్ అసోసియేషన్

కుంఫిణీకి హిందూదేశాన్ని ఏలే హక్కునిచ్చే చార్టరును బ్రిటిష్ పార్లమెంటు 20 ఏళ్లకోసారి పునరుద్ధరించేది. 1853లో ఆ గడువు వచ్చింది. ప్రజల కష్టాలు చెప్పుకోవడానికి అంతకు మించిన అదను లేదని దేశంలోని విద్యావంతులు గుర్తించారు. 1851 అక్టోబరులో కలకత్తాలో బ్రిటిష్ ఇండియన్ అసోసియేషన్ ఏర్పడింది. దానికి శాఖగా 1852 ఫిబ్రవరి 26న మద్రాసులో సంఘం వెలసింది. దీని వెనుక ప్రధాన శక్తి లక్ష్మీనరసు శెట్టి. అదే ఏడాది ఆగస్టులో బొంబాయిలోనూ సంఘం పుట్టింది.

కలకత్తా పెద్దలతో మద్రాసువారికి ఎంతోకాలం పొసగలేదు. కారణం స్పష్టమే. బెంగాలులో జమీందారీ పద్ధతి. అక్కడి సంఘంలో భూస్వాములదే పైచేయి. మద్రాసు రాజధానిలో చాలా భాగం రైత్వారీ. ఇక్కడ సర్కారే భూస్వామి. రైతుకు, ప్రభుత్వానికి నడుమ ఉన్నది తాసీల్దారు, అతని బంట్రోతులే. కలకత్తా రాసిన అర్జీ మద్రాసు రైతు గోడును చెప్పజాలదు. అందువల్ల కొద్ది నెలలకే మద్రాసు శాఖ వేరుపడి 'మద్రాసు నేటివ్ అసోసియేషన్' అయింది. సంఘ సంస్కరణకు ప్రాధాన్యం ఇవ్వాలని కోరిన కొందరు సభ్యులు ఆ ఏడాది చివర్లోనే విడిపోయారు. శెట్టి మాత్రం పాలనాపరమైన అన్యాయాలపైనే దృష్టి నిలిపారు.

సంఘం రూపొందించిన సుదీర్ఘ విన్నపం పార్లమెంటుకు చేరింది. అందులో పేర్కొన్న ఇక్కట్లు చూస్తే ఆనాటి పల్లె జీవనం కళ్లకు కడుతుంది. భరించరాని భూమిశిస్తు. మగ్గానికి, కమ్మరి కొలిమికి, చిన్న అంగడికి సైతం విధించే మొహతర్ఫా పన్ను. 1805 నుంచి సర్కారు గుత్తాధిపత్యంలోకి వెళ్లి ఖరీదైన ఉప్పు. ఏళ్ల తరబడి తేలని కోర్టు వ్యాజ్యాలు. మరమ్మతుకు నోచుకోని చెరువులు, లేని రోడ్లు. చదువుకు విదిల్చే అరకొర నిధులు. చట్టాలు చేసే సభలో భారతీయులకు చోటివ్వాలన్న కోరిక కూడా అందులో ఉంది. 1853 చార్టరు చట్టం ఈ కోరికను మన్నించలేదు.

వసూళ్ల పేరిట చిత్రహింసలు

విన్నపంలోని అన్ని అంశాలకన్నా తీవ్రమైనది మరొకటి. అదే శిస్తు వసూలులో హింస.

హింసకు మూలం పాలనా వ్యవస్థలోనే ఉంది. 1816 నాటి నిబంధనల ప్రకారం తాసీల్దారుకు రెవెన్యూ అధికారంతో పాటు పోలీసు అధికారమూ దఖలు పడింది. శిస్తు వసూలు చేసేదీ ఆయనే, నేరస్థుణ్ని పట్టేదీ ఆయనే. వసూలు చేసే బంట్రోతే పోలీసు జవాను. బకాయి పడిన రైతును కొట్టినవాడిపై ఎవరికి మొర పెట్టుకోవాలి? కొట్టినవాడి పైఅధికారికే. కలెక్టరు దొర దాకా వెళదామంటే కచ్చేరి రోజుల ప్రయాణం. చేతిలో కాసులుండవు. పొలం పని ఆగిపోతుంది. తిరిగి వచ్చాక అదే తాసీల్దారు, అదే ఊరు.

హింసా పద్ధతులకు ఊళ్లలో పేర్లే ఉండేవి. కిట్టి అనేది రెండు కర్రల సాధనం. చేతిని, తొడను వాటి మధ్య ఇరికించి, నిమ్మకాయ పిండినట్లు నొక్కేవారు. తలను కాలివేళ్లకు కట్టి వంచి ఉంచడం మరొకటి. ఎండలో నిలబెట్టడం, తిండికీ కాలకృత్యాలకూ పోనివ్వకపోవడం, చెవులు మెలిపెట్టడం, వేళ్లు వెనక్కి విరవడం, జుట్టును గాడిద తోకకో దున్నపోతు తోకకో కట్టడం, మెడలో ఎముకల దండ వేయడం వంటివి ఆ తర్వాతి విచారణలో నమోదయ్యాయి. పశువులను మేతకు వదలనివ్వకపోవడం కూడా ఒక శిక్షే. మూగజీవాలు ఆకలితో అరుస్తుంటే రైతు తట్టుకోలేక అప్పుచేసైనా కడతాడని వారి ఎత్తు.

ఈ పనులు చేసినవారు పరాయి దేశస్థులు కారు. మన తాసీల్దార్లు, మన బంట్రోతులు, మన గ్రామోద్యోగులే. పైనుంచి ఒత్తిడి దొరలది, కింద చేయి మనవాళ్లది. శెట్టి ఈ విషయాన్ని దాటవేయలేదు. దోషం వ్యవస్థదని, శిస్తు చేయి, లాఠీ చేయి ఒకటే అయినంతకాలం ఇది ఆగదని ఆయన పక్షం వాదించింది.

పార్లమెంటు సభ్యుడి రాక

లండన్‌లో కుంఫిణీ పాలనను విమర్శించే కొందరు ఇండియా రిఫార్మ్ సొసైటీగా ఏర్పడ్డారు. దాని ముఖ్యుల్లో ఒకరైన పార్లమెంటు సభ్యుడు హెన్రీ డాన్బీ సేమర్ పరిస్థితులను స్వయంగా తెలుసుకోవడానికి 1853 అక్టోబరులో మద్రాసు వచ్చారు. శెట్టికి ఇది ఏళ్లుగా ఎదురుచూసిన అవకాశం. ఆయన సేమర్‌కు ఆతిథ్యమిచ్చి, వెంటబెట్టుకొని జిల్లాల్లో తిప్పారు. రైతులను కలిపించి, వారి నోటివెంటే వారి కథ వినిపించారు.

పత్రికలో వంద వ్యాసాలు చేయలేని పని ఆ పర్యటన చేసింది. స్వదేశం చేరిన సేమర్, 1854 జులై 11న కామన్స్ సభలో మద్రాసు శిస్తుపై చర్చ జరిగినప్పుడు తాను తెలుసుకున్నది సభ ముందుంచారు. సభలో కలకలం రేగింది. కుంఫిణీ సమర్థకులు ఇది నమ్మశక్యం కాదన్నారు. చివరకు విచారణకు ఒప్పుకోక తప్పలేదు.

1,959 ఫిర్యాదులు

1854 సెప్టెంబరులో మద్రాసు ప్రభుత్వం ముగ్గురు సభ్యుల విచారణ సంఘాన్ని నియమించింది. ఇ.ఎఫ్. ఎలియట్, హెచ్. స్టోక్స్, న్యాయవాది జాన్ బ్రూస్ నార్టన్ అందులో సభ్యులు. చరిత్రలో దీనికి టార్చర్ కమిషన్ అని పేరు. బాధితులు వచ్చి చెప్పుకోవచ్చని ప్రకటన వెలువడింది.

ఆనాటికి మద్రాసు రాజధానిలో రైలు లేదు. రాయపురం నుంచి వాలాజా వరకు తొలి రైలు నడిచింది 1856 జులైలో. ఎద్దుబండిపైనో, కాలినడకనో తప్ప మద్రాసు చేరే మార్గం లేదు. అయినా 519 మంది స్వయంగా వచ్చి సంఘం ఎదుట నిలబడ్డారు. కొందరు వందల మైళ్లు నడిచి వచ్చారు. మరో 1,440 ఫిర్యాదులు లేఖల రూపంలో అందాయి. మొత్తం 1,959. అనేక ఫిర్యాదుల్లో బకాయి మొత్తం స్వల్పమే. కొన్ని రూపాయల కోసం, అణాల కోసం మనుషులను హింసించారని తేలింది.

1855 ఏప్రిల్‌లో సంఘం నివేదిక సమర్పించింది. శిస్తు వసూలులోనూ, నేరాలు ఒప్పించడంలోనూ హింస రాజధాని అంతటా వాడుకలో ఉందని నిర్ధారించింది. బాధితుడికి న్యాయం దొరకడం కష్టమని అంగీకరించింది. రెవెన్యూ, పోలీసు అధికారాలు ఒకే చేతిలో ఉండటం తప్పని తేల్చింది. ఐరోపా అధికారులకు ఇందులో ప్రోత్సాహం లేదని కూడా రాసింది. కిందివారి మీద నెపం నెట్టి పైవారిని తప్పించారని విమర్శ వచ్చింది. ఈ నివేదిక సంగతులు అట్లాంటిక్ దాటాయి. సిపాయిల తిరుగుబాటు సాగుతున్న 1857 సెప్టెంబరులో కార్ల్ మార్క్స్ న్యూయార్క్ డైలీ ట్రిబ్యూన్ పత్రికలో దీనిపై వ్యాసం ప్రచురించారు. దక్షిణాది పల్లె రైతు బాధ అమెరికా పాఠకుడి ముందుకు వెళ్లింది.

ఆ తర్వాత మార్పులు ఒక్కొక్కటిగా వచ్చాయి. 1859లో మద్రాసు పోలీసు చట్టం వచ్చింది. రెవెన్యూతో సంబంధం లేని ప్రత్యేక పోలీసు శాఖ ఏర్పడింది. భూములను కొలిచి శిస్తును సవరించే పని 1850ల చివర మొదలైంది. ఇవన్నీ ఒక్కడి ఘనత కావు. హింస ఆనాటితో పూర్తిగా అంతరించిందనీ కాదు. కానీ రైతును కొట్టి శిస్తు వసూలు చేయడం సర్కారు హక్కు కాదు, నేరమన్నది బహిరంగంగా స్థిరపడింది.

కుంఫిణీ పాలనను తొలగించి బ్రిటిష్ రాణి ప్రభుత్వమే నేరుగా పాలించాలని నేటివ్ అసోసియేషన్ ఆ రోజుల్లోనే మళ్లీ పార్లమెంటును కోరింది. 1858లో కుంఫిణీ పాలన ముగిసింది. ఆ ముగింపు తెచ్చింది అర్జీలు కాదు, 1857 తిరుగుబాటు. అయినా కుంఫిణీని దింపాలన్న మాటను తుపాకీ లేకుండా, సంతకాలతో అంతకు ముందే పలికినవారు మద్రాసువారు.

శాసన మండలిలో ఆసనం

1861 కౌన్సిళ్ల చట్టంతో మద్రాసుకు శాసన మండలి ఏర్పడింది. అందులో తొలి భారతీయ సభ్యుడు వి. సదగోపాచార్యులు. ఆయన మరణానంతరం 1863లో ఆ స్థానానికి లక్ష్మీనరసు శెట్టిని నియమించారు. పత్రిక ప్రకటనకు గెజిట్‌లో నాలుగు వరుసల చోటివ్వని ప్రభుత్వమే ఇప్పుడు ఆయనకు మండలిలో కుర్చీ వేసింది. సి.ఎస్.ఐ. బిరుదుతోనూ సత్కరించింది.

అయితే ఆ కుర్చీకి బలం తక్కువ. సభ్యులను ప్రజలు ఎన్నుకోరు, గవర్నరు నియమిస్తారు. ప్రశ్నలు వేసే హక్కు లేదు. ఆదాయవ్యయాలపై చర్చ లేదు. సర్కారు తెచ్చిన బిల్లుపై అభిప్రాయం చెప్పడమే పని. బయట ఉండి పార్లమెంటునే కదిలించిన మనిషి లోపలికి వెళ్లాక చేయగలిగింది పరిమితం. అయినా 1852 విన్నపంలో కోరిన కోర్కె, అంటే చట్టసభలో భారతీయుడికి చోటు, పదేళ్లలో నెరవేరడం, కోరినవాడే అక్కడ కూర్చోవడం చిన్న విషయం కాదు.

కరిగిన సంపద

ప్రజల పనికి జీతం లేదు, ఖర్చు మాత్రం ఉంది. పత్రిక నడపడం, కార్యాలయం, సంతకాల సేకరణ, లండన్‌కు రాకపోకల లేఖలు, అతిథుల మర్యాదలు, పర్యటనలు.. అన్నింటికీ ఆయన చేతి సొమ్మే. సర్కారు ఆగ్రహానికి గురైన పత్రికకు ప్రకటనలు ఆశించలేం. వ్యాపారంపై పెట్టవలసిన శ్రద్ధ ప్రజాసేవకు వెళ్లింది. తండ్రి కూడబెట్టినది, తాను పెంచినది క్రమంగా హరించుకుపోయాయి.

1868లో లక్ష్మీనరసు శెట్టి కన్నుమూశారు. శాసన మండలి సభ్యుడిగా, బిరుదాంకితుడిగా మరణించిన ఆయన, నిరుపేదగానే మరణించారు. సంఘమూ ఆయనతోపాటే కృశించింది. 1860ల్లోనే దాని కార్యకలాపాలు మందగించాయి. ఆయన తర్వాత పూర్వవైభవం రాలేదు.

చిత్తూరు బిడ్డ అందుకున్న బాట

ఆ బాట మాసిపోలేదు. 1884లో మద్రాసు మహాజన సభ ఏర్పడింది. నేటివ్ అసోసియేషన్ వదిలిన పనిని అది చేపట్టింది. దాన్ని స్థాపించి నడిపిన ప్రముఖుల్లో పనప్పాకం ఆనందాచార్యులు ఒకరు. ఆయన మన చిత్తూరు పక్కనే ఉన్న కట్టమంచిలో 1843లో జన్మించారు. క్రెసెంట్ తొలి సంచిక వెలువడటానికి ఒక ఏడాది ముందు. న్యాయవాదిగా మద్రాసులో స్థిరపడిన ఆయన, 1885లో బొంబాయిలో జరిగిన తొలి కాంగ్రెస్ మహాసభకు హాజరైన 72 మందిలో ఉన్నారు. 1891 నాగపూర్ మహాసభకు అధ్యక్షత వహించారు.

వర్తకుడు వేసిన విత్తును వకీలు పెంచారు. అర్జీ, సభ, పత్రిక, చట్టసభ అనే నాలుగు సాధనాలను తొలిసారి ఒక్కచోట చేర్చి వాడి చూపినవారు లక్ష్మీనరసు శెట్టి. తర్వాతి తరాల నాయకులు వాడినవీ అవే.

గుర్తుచేసుకోవలసిన జీవితం

నేడు మన మండల కేంద్రాల్లో తహసీల్దారు కార్యాలయం ఒకచోట, పోలీసు స్టేషను మరొకచోట ఉంటాయి. రెండింటి అధికారులు వేరు, శాఖలు వేరు. భూమి పత్రం కోసం ఒక గడప, న్యాయం కోసం మరో గడప ఎక్కుతాం. ఇందులో విశేషమేముందని ఎవరూ ఆలోచించరు. ఈ రెండు గడపలు ఒకటే అయిన రోజుల్లో వీపుపై బండరాయి మోసిన రైతు ఉన్నాడు. ఆ రైతు మాట వినడానికి సొంత ఆస్తిని కరిగించుకున్న వర్తకుడు ఉన్నారు.

వందల మైళ్లు నడిచి విచారణ సంఘం ముందు నిలిచిన 519 మందిలో ఏ ఒక్కరి పేరూ ఇప్పుడు మనకు గుర్తులేదు. వారి కాళ్లకు ధైర్యమిచ్చిన మనిషి పేరైనా మన పిల్లల పాఠాల్లో, గ్రంథాలయాల గోడలపై చోటు చేసుకుంటే ఆ రుణం కొంతైనా తీరుతుంది.